చెవిటిమతం: ఆట కోసం ఒక దర్శనాన్ని కట్టిన కేస్ స్టడీ

ముందు సందర్భం చెప్పేస్తాను. నేను ఆదివారాలు టేబుల్‌టాప్ రోల్‌ప్లేయింగ్ ఆట నడుపుతాను. నలుగురైదుగురు చుట్టూ కూర్చుని తలా ఒక పాత్ర తీసుకుంటారు, ఆ పాత్రలు తిరిగే లోకం, అందులో ఎదురయ్యే మనుషులు, వానలు, దెయ్యాలు, కోర్టులు అన్నీ నేను చెప్పాలి. 1974లో డంజియన్స్ అండ్ డ్రాగన్స్ మొదటిసారి అచ్చయినప్పటి నుంచి ఈ పద్ధతి పెద్దగా మారలేదు: ఏం చేస్తారో వాళ్ళు చెప్తారు, ఏమవుతుందో తేలనిచోట పాచిక వేస్తారు. మేం హైదరాబాద్‌లో మా డైనింగ్ టేబుల్ దగ్గర ఆడతాం. ఒకతను డల్లాస్ నుంచి వీడియోలో వస్తాడు, మాకు ఆదివారం పొద్దున అయితే అతనికి శనివారం రాత్రి. ఆట మొత్తం తెలుగులోనే.

మిగతా ముగ్గురూ ఎవరంటే, ఒక సివిల్ లాయరు, ఒక హైస్కూల్ టీచరు, మా బావమరిది. పేర్లు అక్కర్లేదు, వాళ్ళు పనులతోనే గుర్తుంటారు.

ఈ రాస్తున్నది ఆ లోకం కోసం నేను తయారు చేసిన ఒక తాత్విక సంప్రదాయం, అంటే దర్శనం, గురించి. మొదటిసారి ఘోరంగా పోయింది, రెండోసారి నిలబడింది, ఆ తర్వాత ప్లేయర్ల చేతిలో రెండు ముక్కలైంది. సొంత లోకాలు కట్టుకునేవాళ్ళకి, కథలు రాసేవాళ్ళకి ఎక్కడైనా పనికొస్తుందేమో అని జరిగింది జరిగినట్టు పెడుతున్నాను.

మొదటి వెర్షన్

పద్నాలుగు పేజీలు రాశాను. దాని పేరు సప్తసోపాన దర్శనం. ఏడు మెట్లు, ఒక్కో మెట్టుకి ఒక సూత్రం, ఒక రంగు, ఒక ఋషి. రాస్తున్నప్పుడు నాకే ముచ్చటేసింది. ప్రకృతితో సమతుల్యం, అహంకారం వదులుకోవడం, మార్పుని ఒప్పుకోవడం, ఇలాంటివన్నీ ఉన్నాయి. పీడీఎఫ్ చేసి గ్రూప్‌లో పెట్టాను. ఆదివారం నాటికి ఒక్కరు కూడా చదవలేదు. సరే పోనీ అని ఆటలో ఒక మఠం పెట్టి, ఒక గురువు చేత ఆ ఏడు సూత్రాలూ చెప్పించాను. ఆయన నాలుగో మెట్టు దగ్గరుండగా మా బావమరిది, "అంటే అందరితో మంచిగా ఉండమంటున్నాడు, అంతే కదా బావా? సరే ఉంటాం, తర్వాతేంటి?" అన్నాడు.

ఆ రాత్రి కోపం వచ్చింది గానీ, రెండ్రోజులకి వాడన్నది నిజమే అనిపించింది. నా ఏడు సూత్రాల్లో ఒక్కదాన్ని కూడా ఆ లోకంలో ఎవరూ కాదనరు. కాదనేవాడే లేనప్పుడు అది దర్శనం కాదు, బ్యాంకు వాళ్ళు పంచే క్యాలెండర్ కింద వేసే సూక్తి. పైగా నా లోకంలో మంత్రాలున్నాయి, చచ్చినవాళ్ళని పలికించే విద్య ఉంది, దేవతలు అప్పుడప్పుడు వచ్చి పోతుంటారు, అయినా నా గురువు మాత్రం ఇవేవీ లేని మన ఊళ్ళో ప్రవచనం చెప్పినట్టే చెప్తున్నాడు. చచ్చినవాడు మాట్లాడే చోట మనుషులకి వచ్చే అనుమానాలు మనకొచ్చే అనుమానాల లాంటివి ఎలా అవుతాయి?

బావి

ఆ చివరి ప్రశ్న నన్ను వదల్లేదు. ఈ ఆటలో చనిపోయినవాళ్ళతో మాట్లాడే మంత్రం ఒకటి పాతకాలం నుంచీ ఉంది. 2014 నాటి రూల్స్ ప్రకారం శవాన్ని ఐదు ప్రశ్నల దాకా అడగొచ్చు. ఆ రూల్‌లోనే ఇంకో చిత్రమైన మాట ఉంటుంది, ఆత్మ వెనక్కి రాదట, శరీరాన్ని ఆడించిన ప్రాణం లాంటిదేదో మాత్రమే పలుకుతుందట, చనిపోయాక జరిగినవేవీ దానికి తెలియవట. అడిగేవాడు దానికి శత్రువైతే నిజమే చెప్పాలన్న నియమం కూడా లేదు. ఇన్నేళ్ళుగా ఈ మంత్రాన్ని హత్య ఎవరు చేశారో కనుక్కోడానికి వాడుతున్నాం తప్ప, మరి ఆత్మ రాకపోతే జవాబు చెప్తున్నది ఎవరు అని మా టేబుల్ దగ్గర ఒక్కరూ అడగలేదు.

ఇంచుమించు ఆ రోజుల్లోనే ఒకసారి బన్సీలాల్‌పేట మెట్లబావి చూడ్డానికి వెళ్ళాం. చెత్తతో పూడుకుపోయిన బావిని తవ్వి, బాగు చేసి 2022 డిసెంబర్‌లో మళ్ళీ తెరిచారు కదా, అదే. పైన నిలబడి కిందికి చూస్తుంటే ఎవరో పిల్లవాడు కేక పెట్టాడు, ఆ కేక కింద నుంచి కాస్త మారి, కాస్త పెద్దవాడి గొంతులా తిరిగొచ్చింది. అంతే, నాకు కావల్సింది దొరికింది.

కొత్త లోకంలో రూల్ ఇది. మెట్టనాడు అనే పీఠభూమి, ఏటిగట్లు లేవు, ఉన్నవన్నీ దిగుడు బావులే. మనిషి పోతే బూడిద ఆ ఇంటి బావిలో కలుపుతారు. ఆ తర్వాత ప్రతి అమావాస్యకీ ఎవరైనా చేద వేసి అడిగితే ఐదు ప్రశ్నలకి బావి బదులిస్తుంది. కొత్త వానకి కొత్త నీళ్ళు పడగానే ఆ గొంతు పోతుంది. ఇక ఆ మనిషితో ఋణం తీరినట్టే. బావి మాట కోర్టులో చెల్లుతుంది: వీలునామాలు, పొలం గట్లు, అప్పులు, అన్నీ బావి సాక్ష్యం మీద నడుస్తాయి.

ఇలాంటిచోట నా దర్శనం ఒక్క వాక్యం: పలికింది పోయినవాడు కాదు, చేద వేసినవాడే.

ఏడు సూత్రాలు పోయాయి, ఋషులు పోయారు, రంగులు పోయాయి. ఒక్క మాట మిగిలింది, కానీ ఆ మాట అంటే ఊళ్ళో సగం మంది కర్రలు తీసుకుని వస్తారు.

"ఎవరి బావి?"

కొత్త లోకంలో రెండో సెషన్. నేను బావుల గురించి బాగా వర్ణించి చెప్తున్నాను, మెట్ల మీద దీపాలు, చేదతాడు నానిన వాసన, అదీ ఇదీ. టీచరు మధ్యలో ఆపి, "ప్రతి ఇంటికీ బావి ఉందా?" అన్నారు. లేదండీ, ఉన్నవాళ్ళకి ఉంటుంది, మిగతావాళ్ళకి ఊరి బావి అన్నాను. "ఊరి బావిలో అందరి బూడిదా కలపనిస్తారా?"

నా దగ్గర జవాబు లేదు. నిజం చెప్పాలంటే సిగ్గేసింది. ఈ దేశంలో పుట్టి, బావి అనే వస్తువుని మధ్యలో పెట్టి లోకం కడుతూ, నీళ్ళు ఎవరు తోడొచ్చు ఎవరు తోడకూడదు అన్నది మర్చిపోయాను. 1927 మార్చి 20న అంబేడ్కర్ మహాడ్‌లో చవదార్ చెరువు నీళ్ళు దోసిట్లో తీసుకుని తాగడం ఒక ఉద్యమం కావల్సి వచ్చిన దేశం ఇది. అంత దూరం ఎందుకు, మా తాతగారి ఊళ్ళో ఏ బావి ఎవరిదో చిన్నప్పుడు నాకే తెలుసు.

ఆ వారమంతా దానిమీదే కూర్చున్నాను. ఊరి బావిలో బూడిద కలపనివ్వని వాళ్ళు ఉన్నారనుకుందాం. వాళ్ళ చచ్చినవాళ్ళు మాట్లాడరు. కోర్టులో బావి మాటే సాక్ష్యం అయితే, వాళ్ళ తాత ఏ పొలం ఎవరికిచ్చాడో చెప్పే గొంతు లేదు, అవతలివాడి తాత మాత్రం ప్రతి అమావాస్యకీ వచ్చి "అది మాదే" అంటాడు. ఇప్పుడు చెప్పండి, బావిలో పలికేది పోయినవాడు కాదు అనే మాట మొదట ఎవరి నోట్లోంచి వస్తుంది? గడ్డం పెంచుకుని కొండ మీద కూర్చున్నవాడి నోట్లోంచి మాత్రం రాదు. పొలం పోగొట్టుకున్నవాడి నోట్లోంచి వస్తుంది.

దర్శనం ఆ రోజు పుట్టిందని నా లెక్క. అంతకుముందు నా దగ్గర ఉన్నది ఒక చమత్కారం మాత్రమే, చెరువు గట్టు మీద కూర్చుని చెప్పుకోడానికి బాగుంటుంది. టీచరు అడిగాక అది ఎవరికి అవసరమో తెలిసింది. ఆ మాటకి నేను రాసుకున్న వాదనలన్నీ (అడగనిదే బావి పలకదు, అన్న అడిగితే ఒకలా తమ్ముడు అడిగితే ఇంకోలా చెప్తుంది, పోయాక జరిగినవి దానికి తెలియవు) అంతకు ముందు వారం ఉన్నవే, ఒక్క అక్షరం మారలేదు, కానీ ఇప్పుడు చదివితే ఎవరో గుక్క తిప్పుకోకుండా కోర్టు మెట్ల మీద అరుస్తున్నట్టు వినిపించాయి.

శత్రువుల చేత రాయించడం

ఇక్కడ కాస్త చదివింది పనికొచ్చింది. మన దగ్గర ఎన్నో మతాలు వాటిని ఖండించినవాళ్ళ రాతల్లోనే బతికున్నాయి. ఆజీవికులు ఉన్నారు, బిహార్‌లో బరాబర్ గుహలు వాళ్ళకి ఇచ్చినట్టు అశోకుడి శాసనాలున్నాయి, గోడలు అద్దంలా నున్నగా ఉంటాయి, అంత ఆదరణ ఉన్న మతం. కానీ వాళ్ళ సొంత గ్రంథం ఒక్కటీ మిగల్లేదు, వాళ్ళ గురువు మక్ఖలి గోసాలుడు ఏమన్నాడో బౌద్ధులూ జైనులూ చెప్తే వినాలి. చార్వాకుల సంగతీ దాదాపు అంతే. అప్పు చేసైనా నెయ్యి తాగమన్నారని మనందరికీ తెలిసిన ఆ శ్లోకం 14వ శతాబ్దంలో మాధవాచార్యుడు తన సంకలనంలో పెట్టినది, ఆయన చార్వాకుడు కాదు, వేదాంతి.

మనవాళ్ళ సంగతి ఇంకా తమాషా. పాలీలో కథావత్థు అని ఒక గ్రంథం ఉంది, రెండొందలకి పైగా వివాదాల మీద ప్రశ్నా జవాబూ నడుస్తుంది. ఏ వాదం ఎవరిదో దాని వ్యాఖ్యానం చెప్తుంది, అందులో అంధకులు అని పదేపదే వస్తారు. పూర్వశైలులు, అపరశైలులు, రాజగిరికులు, సిద్ధార్థికులు, వీళ్ళంతా కలిపి అంధకులు, అంటే ఆంధ్రదేశపు బౌద్ధులు. నాగార్జునకొండ శాసనాల్లో వీళ్ళలో ఒక శాఖ పేరు ఉంది, ఇక్ష్వాకుల ఇంటి ఆడవాళ్ళు విరాళాలిచ్చారు. అంత పెద్ద సంప్రదాయం. దాని మీద అవతలివాళ్ళు ఎంచుకుని రాసిపెట్టిన వాదాల్లో ఒకటేమిటంటే, బుద్ధుడి మలమూత్రాలు సుగంధాలన్నిటినీ మించి పరిమళిస్తాయని వీళ్ళలో కొందరు నమ్మేవారట. వాళ్ళు నిజంగా అన్నారో, ఎవరో భక్తి ఎక్కువై అన్నదాన్ని అందరికీ అంటగట్టారో, ఆ లోయ ఇప్పుడు సాగర్ నీళ్ళ కింద ఉంది, అడగడానికి బావి కూడా లేదు.

అందుకని నా చెవిటివాళ్ళ గ్రంథం నేను రాయలేదు. చెవిటివాళ్ళు అన్నది కూడా వాళ్ళు పెట్టుకున్న పేరు కాదు, చచ్చినవాళ్ళ గొంతు వినపడదంటారు కాబట్టి ఊళ్ళోవాళ్ళు పెట్టిన తిట్టు. హీనయానం అన్న మాటలా అన్నమాట, ఎవరూ తమకి తాము పెట్టుకోరు. వాళ్ళు తమని తాము ఏమనుకునేవారో ఇప్పటికీ నా నోట్స్‌లో ఖాళీగానే ఉంది.

ప్లేయర్లకి నేనిచ్చినవి మూడే కాయితాలు: ఒక చెవిటిమనిషి పిటిషన్ కొట్టేసిన కోర్టు తీర్పు, చేదతాళ్ళు పేనేవాళ్ళు వాళ్ళని వెక్కిరిస్తూ పాడే నాలుగు చరణాలు (తాళ్ళు అమ్ముడుపోవాలిగా మరి), ఒక పండితుడి ఖండన. ఖండనలో ముక్క ఇక్కడ పెడుతున్నాను, పాత వచనంలా ఉండాలని ప్రయత్నించాను:

"చెవిటివారి మాట ఇది. బావినుండి వచ్చు పలుకు మృతునిది కాదు, అడుగువానిదే. ఏలయన, అడుగనిది బావి పలుకదు. కొండ కెదురుగా అరచినవానికి కొండ బదులిచ్చినట్లు. ఇట్లని వారందురు. ఇది పొసగదు. కొండ అరచిన మాటనే తిరిగి అరచును, బావి అడుగని పేరు చెప్పును. కావున దృష్టాంతము చెల్లదు. మఱియు, చెవిటివాడు వినలేదని పాట లేకపోవునా? వీరు చదువు లేనివారు, బావి లేనివారు, ఇద్దరు వేర్వేరుగా అడిగి ఒకటే వినినగాని నమ్మమని పట్టుబట్టు మొండివారు."

చివరి వాక్యం నేను కావాలని పెట్టిన గాలం. తిట్టబోయి పండితుడు అసలు విషయం చెప్పేశాడు: వీళ్ళకి ఒక పరీక్ష ఉంది, ఇద్దరు వేర్వేరుగా అడగాలి. లాయరు రెండు నిమిషాల్లో పట్టేశాడు, "అరే, వీళ్ళు బావి అబద్ధం అనట్లేదు, క్రాస్ ఎగ్జామినేషన్ అడుగుతున్నారు" అని. పద్నాలుగు పేజీలు చదవని మనుషులు ఈ మూడు కాయితాలు వారం రోజులు గ్రూప్‌లో నలిపారు. వరసగా చెప్పేస్తే చదవరు, దాచిపెడితే వెతుకుతారు. (ఇది నాకు ముందే తెలియాల్సింది, ఇంట్లో మామిడి తాండ్ర డబ్బా సంగతి చూసినా తెలుస్తుంది.)

పాచిక ఏం చెప్పాలి

ఒక చిక్కు వచ్చింది. ఆటలో ఎవరైనా నిజంగా బావి దగ్గరికెళ్ళి అడిగితే నేనేదో ఒకటి చెప్పాలి. అప్పుడు నిజం ఏదో నాకు తెలిసిపోతుంది. నాకు తెలిస్తే ఎక్కడో ఒకచోట బయటపడుతుంది, గొంతులోనైనా తెలిసిపోతుంది. బయటపడిన రోజు వాదన చచ్చిపోతుంది.

ఎన్నో తిప్పలు పడి చివరికి ఇలా చేశాను. బావి చెప్పే జవాబు అడిగే పాత్రకి తెలిసినవాటి నుంచే రావాలి: క్యారెక్టర్ షీట్‌లో (పాత్ర వివరాల కాయితంలో) రాసుకున్నది, ముందు సెషన్లలో ఆ ప్లేయర్ నోటి నుంచి వచ్చినది. దీనికోసం ఒక నోట్‌బుక్ పెట్టుకుని వాళ్ళు అన్నవి రాసుకునేవాణ్ణి. కానీ ప్రతి ప్రశ్నకీ ఇరవై ముఖాల పాచిక నేను చాటుగా వేస్తాను, ఇరవై పడితే మాత్రం ఎవరికీ తెలియనిది, నాక్కూడా అప్పటిదాకా తెలియనిది ఒకటి చెప్పాలి. అంటే ఇరవైలో ఒకసారి చెవిటివాళ్ళకి లెక్కకి అందనిది వస్తుంది. అది నిజంగా పోయినవాడి గొంతా, కాకతాళీయమా, నాకు తెలియదు. తెలియకుండా ఉండేలా చేసుకున్నాను.

ఇక వాదం ఎలా గెలవాలి, ఎలా ఓడాలి? మొదట్లో ఊరికే మాట్లాడుకోమన్నాను. అది ఎలా అయిందంటే, చెవిటిపక్షం తీసుకున్నవాళ్ళు దేనికైనా "అది నీకు ముందే తెలుసు, మర్చిపోయావు" అంటారు. అట్టడుగున పాతిన డబ్బు ఎక్కడుందో బావి చెప్పింది కదా అంటే, చిన్నప్పుడు మీ నాన్న పాతుతుంటే నువ్వు భుజం మీద నిద్రపోతున్నావు అంటారు. ఎటూ తెగదు. మూడు గంటలు పోయాయి ఒక ఆదివారం. డల్లాస్ అతను కెమెరా ఆపేసి పడుకున్నాడు, గురక వినిపించింది.

న్యాయసూత్రాలు తీశాను, అది గౌతముడి తర్కగ్రంథం (ఈ గౌతముడు బుద్ధుడు కాదు). మనం ఎవరైనా అడ్డదిడ్డంగా వాదిస్తే వితండవాదం అని తిట్టేస్తాం గానీ, గౌతముడి లెక్కలో వితండం ఒక పద్ధతి: సొంత పక్షం నిలబెట్టకుండా ఎదుటివాడి పక్షాన్ని కొట్టడం. నిజం తేల్చుకోడానికి చేసేది వాదం, గెలవడానికి చేసేది జల్పం, మూడోది ఇది. వాటితోపాటు వాదనలో ఓడిపోయే చోట్లు 22 చెప్పాడు, నిగ్రహస్థానాలని. నేను అందులో నాలుగే తీసుకున్నాను. ప్రతిజ్ఞాహాని, అంటే మొదట అన్న మాట మధ్యలో వదిలేయడం. అప్రతిభ, జవాబు తోచకపోవడం, దానికి ఇసుక గడియారం పెట్టాను, నాలుగు నిమిషాలు. అననుభాషణం, ఎదుటివాడు మూడుసార్లు చెప్పినదాన్ని తిరిగి చెప్పలేకపోవడం. దీన్ని కొంచెం వంచి, జవాబిచ్చే ముందు అవతలివాడి మాటని అతను "అవును, అదే నేనన్నది" అనేలా చెప్పి తీరాలని పెట్టాను. నాలుగోది విక్షేపం. పని ఉందని వంక పెట్టి మధ్యలో లేచిపోవడం. రెండు వేల ఏళ్ళ నాడే ఒకాయన కూర్చుని దీన్ని లెక్కగా ఓటమి జాబితాలో రాశాడంటే, ఎంత మంది లేచిపోయుంటారో! ఇప్పుడు మా టేబుల్ దగ్గర ఎవరి ఫోన్ మోగినా అందరూ ఒకేసారి "విక్షేపం" అని అరుస్తారు. మా బావమరిది పెళ్ళాం ఫోన్ చేసినా అంతే.

ఈ నాలుగింటిలో ఆటని మార్చేసింది మూడోదే. అవతలివాడి మాట అతనికి నచ్చేలా చెప్పాలంటే ముందు వినాలి. చెవిటివాళ్ళనిపించుకున్న పక్షమే వినడంలో గెలుస్తూ వచ్చింది, ఇది నేను అనుకుని పెట్టింది కాదు.

వేపచెట్టు కేసు

అన్నీ కలిసిన సెషన్ ఇది. ఇద్దరు అన్నదమ్ములు. తండ్రి పోయాడు, గట్టు పక్క రెండెకరాలు ఎవరికన్నది తగువు. అన్న అడిగితే బావి "నీకే" అంది, తమ్ముడు అడిగితే "నీకే" అంది. లాయరు బావిపక్షం తీసుకున్నాడు, ఆయన పాత్ర కోర్టు పండితుడు. టీచరుది ఊరి బయట ఉండే ఒక చెవిటి ముసలామె పాత్ర. న్యాయమూర్తి ఊరి దొర, ఆ పాత్ర నాది. పాత బౌద్ధ గ్రంథంలో మిళిందుడనే రాజూ నాగసేనుడనే భిక్షువూ మాట్లాడుకున్నప్పుడు, పండితుల్లా మాట్లాడతావా రాజుల్లా మాట్లాడతావా అని భిక్షువు ముందే తేల్చుకుంటాడు, రాజుల పద్ధతిలో అయితే కాదన్నవాడికి దండన పడుతుంది మరి. దొర రాజుల పద్ధతే అన్నాడు. అంటే ఓడితే ముసలామెకి ఊళ్ళో నీళ్ళు బంద్.

టీచరు మొదలుపెట్టడమే బావిపక్షాన్ని చెప్పడంతో మొదలుపెట్టారు. తండ్రికి ఇద్దరు కొడుకులూ ఒకటే, బతికున్నప్పుడు ఇద్దరికీ విడివిడిగా ఆశ పెట్టి ఉంటాడు, పోయాక కూడా అదే పెడుతున్నాడు, కాబట్టి రెండు మాటలూ ఆయనవే కావొచ్చు, బావి తప్పు చెప్పలేదు. లాయరు నోరు తెరిచి, "ఇంక నేను చెప్పడానికేం మిగిలింది మేడం, మొత్తం మీరే చెప్పేశారు" అన్నాడు. నిజంగానే ఆయన తయారు చేసుకొచ్చినది దానికంటే బలహీనంగా ఉంది.

అక్కడి నుంచి ఆమె నెమ్మదిగా వచ్చారు. సరే, రెండూ ఆయన మాటలే అనుకుందాం, అప్పుడు ఆయన మాటతో పొలం తేలదు కదా. ఇద్దరినీ కలిపి, ఒకరి ప్రశ్న ఒకరికి తెలియకుండా ఇప్పుడే అడగమనండి. దొర ఒప్పుకున్నాడు. తమ్ముడి తరఫున డల్లాస్ అతను అడిగాడు, "నాన్నా, గట్టు దగ్గర నీదేది?" అని. నేను చాటుగా పాచిక వేశాను.

ఇరవై.

చెప్పాలి. ఎవరికీ తెలియనిది చెప్పాలి. బుర్ర ఖాళీ. నోటికొచ్చింది అనేశాను: "గట్టు మీద వేపచెట్టు మనది కాదురా, పక్కింటోళ్ళది. కాయితం వాళ్ళ దూలంలో ఉంది." దొర భటులని పంపాడు, దూలంలో కాయితం దొరికింది, అంతదాకా వచ్చాక దొరక్కపోతే ఎలా.

ఇసుక గడియారం తిప్పాను. టీచరు కూర్చున్నారు. ఒక్కమాట లేదు. నాలుగు నిమిషాలు ఎంత పొడవో ఆ రోజు తెలిసింది. టీ చల్లారిపోయింది. ఇసుక అయిపోయింది, అప్రతిభ, ఓటమి. దొర ముసలామెకి నీళ్ళు బంద్ చేయించాడు. ఎవరికీ బాగాలేదు, ముఖ్యంగా గెలిచిన లాయరుకి.

తర్వాతి ఆదివారం టీచరు ఒక కాయితం తెచ్చారు, సొంత చేతిరాతతో. అందులో ముసలామె చెప్పేది ఇది: బావిలో ఎవరు పలికారో నాకు తెలియదు. అడిగినవాడే పలికాడని మావాళ్ళు అన్నారు, అది మావాళ్ళు తొందరపడి అన్నమాట. పలికింది ఫలానావాడని నేననను, కాదనీ అనను. ఎవరు పలికారో తేలనిదాని మీద పొలం ఇవ్వొద్దు అంటాను, అంతే. నా పక్షం ఏదో నాకు లేదు, ఇంక దేన్ని ఓడిస్తారు?

నాకు ఒళ్ళు జలదరించింది. బౌద్ధ తాత్వికుడు నాగార్జునుడి విగ్రహవ్యావర్తని అనే గ్రంథం 70 కారికలు (శ్లోకాలు), మొదటి ఇరవై ఎదుటివాళ్ళ ఆక్షేపణలే, అన్నీ శూన్యమైతే నీ మాటా శూన్యమే కదా, దానితో మమ్మల్ని ఎలా కొడతావు అని. దానికి ఆయన ఇచ్చిన జవాబు, నాకు ప్రతిజ్ఞ (నిలబెట్టే పక్షం) అంటూ ఉంటేగా ఆ దోషం నాకు అంటడానికి, అని. టీచరు అది చదవలేదు, నేనడిగాను. ఓడిపోయిన నొప్పిలో నుంచి అక్కడికే వచ్చి చేరారు.

అప్పుడు బావమరిది అన్నాడు, "అదెలా కుదురుద్ది అక్కా, మనవాళ్ళు వందేళ్ళుగా అడిగినవాడే పలుకుతాడని చెప్తున్నారు, ఇప్పుడు ఏమీ అనం అంటే ఎవడు నమ్ముతాడు? అన్నమాట మీద నిలబడాలి." వాడి పాత్ర కూడా చెవిటిమతంలో చేరింది మరి. ఇద్దరూ గంట సేపు పోట్లాడుకున్నారు, లాయరు పాప్‌కార్న్ తింటూ చూశాడు. ఆ రోజుతో చెవిటిమతం రెండు శాఖలైంది: అడిగినవాడే పలుకుతాడని గట్టిగా చెప్పేవాళ్ళు, ఏమీ చెప్పకుండా కొట్టేవాళ్ళు. నాగార్జునుడి తర్వాత ఆయన శాఖ మధ్యమకంలో భావవివేకుడికీ చంద్రకీర్తికీ వచ్చిన తేడా ఇలాంటిదే, సొంత వాదన నిలబెట్టాలా, ఎదుటివాడి మాటలోని చిక్కు చూపిస్తే చాలా అని. నేనైతే ఈ చీలికని పదేళ్ళు కూర్చున్నా కల్పించలేకపోయేవాణ్ణి. ఒక మతంలో శాఖలు ఎందుకు పుడతాయంటే, నా లెక్క ప్రకారం, ఎక్కడో ఒకచోట చెడ్డగా ఓడిపోయి, ఆ రాత్రి ఇంటికెళ్ళి ఇద్దరు రెండు రకాలుగా సర్దుకోవడం వల్ల.

పోయినవి

బాగా జరిగినవే చెప్తే కేస్ స్టడీ కాదు. ఐదో ప్లేయర్ ఒకతను ఉండేవాడు, మూడో సెషన్ తర్వాత రాలేదు. "అన్నా, ఇది ఆటా ట్యూషనా? కత్తి తీసి నెల అయింది" అన్నాడు. అతని తప్పు లేదు, యుద్ధం కోసం వచ్చినవాడికి నేను తర్కం పెట్టాను, ముందే చెప్పి ఉండాల్సింది. ఇప్పుడు ప్రతి రెండో సెషన్‌లో ఒక కొట్లాట తప్పకుండా పెడుతున్నాను.

ఇంకోటి, మొదట రాసిన పండితుడు మరీ మూర్ఖుడిలా ఉండేవాడు. వాణ్ణి గెలవడంలో మజా లేదని లాయరే మళ్ళీ రాశాడు, పైన పెట్టిన ఖండనలో కొండకీ బావికీ తేడా చెప్పిన వాక్యం ఆయనదే.

ఆచారాల విషయంలో నేను అనుకున్నది ఏదీ నిలవలేదు. చెవిటివాళ్ళకి ప్రత్యేకమైన బట్టలు, పండగ, గుండు, ఏవేవో రాశాను, ఎవరికీ గుర్తు లేవు. ఒక్కటి నిలిచింది. వాళ్ళు బావిని అడగరు కాబట్టి, బతికుండగానే అడుగుతారు: వానలకి ముందు ఒక రోజు ఇంట్లో పెద్దవాళ్ళ దగ్గర కూర్చుని ఐదు ప్రశ్నలు. నోట్స్‌లో ఒక మూల రాసిన రెండు లైన్లు అవి. ఇప్పుడు ప్లేయర్లు ఏ కొట్లాటకి ముందైనా ఒకరినొకరు ఐదు ప్రశ్నలు అడుగుతున్నారు, నీ అప్పులెంత, ఎవరికి చెప్పాలి, కత్తి ఎవరికి, ఇలా. దానివల్ల కొట్లాట మొదలవడానికి అరగంట పడుతోంది, కత్తి కోసం వెళ్ళిపోయినతను ఉంటే ఇంకో మాట అనేవాడు.

కేసు ఇంకా తేలలేదు. ముసలామె నీళ్ళ బంద్ మీద అప్పీలు లాయరే వేస్తానన్నాడు, ఓడించినాయనే. రెండెకరాల సంగతి అలాగే ఉంది. వచ్చే ఆదివారం పక్కింటోళ్ళు కాయితం పట్టుకుని వస్తున్నారు, వేపచెట్టు నీడ ఎంత దూరం పడితే అంత దాకా తమదేనంటున్నారు, ఏ పూట నీడో మాత్రం చెప్పట్లేదు.